రేవు మెట్టు మీద చెప్పులు

మా పిన్ని కాలవలో పడి పోయిన రోజు, పోలీసులు అన్నిటికన్నా ముందు చూసింది ఆవిడ చెప్పులను.

పిన్ని అంటే మా అమ్మ చెల్లెలు. చిన్నాన్న పోయాక కొత్తపేట దగ్గర కూతురింట్లోనే ఉండేది. ఆ కూతురు, అంటే మా చెల్లెలు, నాలాగే టీచరు. పక్కపక్క ఇళ్ళు మావి, వెనకాల కాలవ గట్టు. క్రిస్మస్ ముందు ఇంటికి సున్నాలు వేయించి, దుప్పట్లూ పరదాలూ అన్నీ ఉతికి ఆరేయడం మా ఇళ్ళలో ఆనవాయితీ. చెల్లెలింట్లో వాషింగ్ మెషీను ఉంది. పిన్నికి మాత్రం కాలవ నీళ్ళలో జాడిస్తేనే దుప్పటి ఉతికినట్టు. ఆవిడకా మోకాలు నొప్పి, రేవు మెట్ల నిండా పాచి. వద్దంటే వినదు. మొండి మనిషి. ఆ మొండితనం మా ఇంటి ఆడవాళ్ళందరికీ వచ్చింది, నాకు కాస్త ఎక్కువే వచ్చింది.

ఆ ఉదయం నేను వరండాలో కాఫీ తాగుతుంటే పక్కింట్లో తల్లీ కూతుళ్ళ గొడవ వినబడింది.

"మెషీనుండగా నువ్వా బకెట్టు మోసుకుంటూ రేవుకెళ్తే ఊళ్ళో నన్నేమనుకుంటారమ్మా?" అంటోంది చెల్లెలు.

"ఊళ్ళోవాళ్ళు మన దుప్పట్లు కప్పుకుంటారేంటే?"

"అయితే పో. ఆ కాలవలోనే పడుండు."

ఇలాంటి మాటలు ఆ ఇంట్లో రోజూ ఉండేవే. సాయంత్రానికి ఇద్దరూ ఒకే కంచంలో జంతికలు పెట్టుకుని తినేవారు. నేను కాఫీ ముగించి లోపలికెళ్ళిపోయాను.

కాసేపటికి ఎదురింటావిడ వచ్చింది. "రేవులో బకెట్టుందండి, పిన్నిగారు కనబడ్డం లేదు," అంది. చెల్లెల్ని పిలిచి ముగ్గురం పరిగెత్తాం. చెల్లెలు నాకన్నా ముందు మెట్లు దిగి, ఒక్కసారి వంగి లేచి, "అమ్మా" అని కేకేసింది. బకెట్టులో దుప్పట్లు పొడిగానే ఉన్నాయి. పిన్ని దిగువన లాకుల దగ్గర తేలింది.

పోలీసులు ముందు అనుమానాస్పద మృతి అని కేసు కట్టారు. మావాళ్ళు కొందరు గొడవకు దిగారు, ఎవర్ని అనుమానిస్తున్నారని. కుర్ర ఎస్సై గారు ఓపిగ్గానే చెప్పారు.

"మంచమ్మీద పోతే తప్ప ఎవరికైనా ముందు అలాగే కడతామండి. తర్వాత జారేరా, దూకేరా, ఎవరైనా తోసేరా అన్నది తేల్చాలి. ఏదో ఒకటి రాయాలి కదండీ."

ఆస్పత్రిలో డాక్టరు గారు ఊపిరితిత్తుల్లో నీళ్ళున్నాయన్నారు. కాలవలో పడ్డ మనిషికి నీళ్ళు కాక ఏముంటాయి? ఎలా పడిందో ఒంటిని చూసి చెప్పలేమని ఆయనే ఒప్పుకున్నారు. దాంతో అందరి చూపూ మళ్ళీ చెప్పుల మీదికి పోయింది. అవి పై మెట్టు మీద జతగా, ఎవరో కొలిచి పెట్టినట్టున్నాయి.

"జారిన మనిషి చెప్పులు ఇలా ఉండవండి," అన్నారు ఎస్సై గారు, ఇంటి దగ్గర పంచనామా రాయిస్తూ. "ఒక్క దుప్పటి కూడా తడపలేదు చూడండి. పొద్దున ఇంట్లో ఏమైనా మాటా మాటా వచ్చిందాండీ?"

నాకు ఒళ్ళు మండింది. ఏదో అనబోయాను. ఈలోగా చెల్లెలే వచ్చి గుమ్మంలో నిలబడింది.

"వచ్చిందండి. కాలవలో పడుండమన్నాను. నా మాటకే పోయింది. ఆత్మహత్యనే రాయండి."

ఎస్సై గారి కలం ఆగిపోయింది. చెల్లెలు ఏడుస్తోంది. గుమ్మం ముందు చూడ్డానికి వచ్చినవాళ్ళ చెప్పులు కుప్పగా ఉన్నాయి. వాటిలో ఎవరిదో ఒకటి బోర్లా పడి ఉంది. తను ఏడుస్తూనే వంగి, దాన్ని తిప్పి, జతకు చేర్చింది.

చెప్పు బోర్లా పడితే ఇంట్లో గొడవలొస్తాయని మా వైపు అందరికీ పట్టింపే. మా చెల్లెలికి మరీను. పెళ్ళింటికెళ్ళినా, స్కూల్లో పిల్లల చెప్పులైనా, బోర్లా ఉంటే తిప్పకుండా ముందుకు కదలదు. చేసినట్టు తనకే తెలియదు. అది చూడగానే రేవులో తను వంగింది ఎందుకో నాకు అర్థమైంది.

"ఆగండి," అన్నాను. "రేవులో ఒక చెప్పు కింది మెట్టు మీద బోర్లా పడుంది. గట్టు మీంచి చూసేను నేను. ఇదిగో, ఇప్పుడు చేసినట్టే మా చెల్లెలే దాన్ని తిప్పి పై మెట్టు మీద జతకు పెట్టింది."

"నేనా? నేను ముట్టుకోలేదక్కా," అంది చెల్లెలు.

"ఇప్పుడేం చేసేవే, గుమ్మంలో?"

తను కిందికి చూసుకుంది.

ఎస్సై గారు మమ్మల్ని వెంటబెట్టుకుని మళ్ళీ రేవుకెళ్ళారు. కింది మెట్టు మీద పాచి పొడుగ్గా గీసుకుపోయి ఉంది. "పొద్దున ఇది చూసేనండి. చెప్పులు చూసేక దీన్ని పట్టించుకోలేదు," అన్నారు. ఆ మాట దాచుకోకుండా చెప్పినందుకు ఆయన మీద నా కోపం పోయింది. సాక్షులుగా పిలిచిన పంచాయతీదార్లు సంతకాలు చేశారు. చెప్పులు విప్పుతూ ప్రమాదవశాత్తూ కాలుజారి పడిందని రాశారు. పోలీసులకు అక్కడితో అయిపోయింది.

చెల్లెలికి అవలేదు. మనిషి సగమైంది. ఎవరింట్లోనూ కూర్చుని తినదు, తన ఇంట్లోనూ నిలబడే రెండు మెతుకులు కొరుకుతుంది. ఆదివారం గుడి నుంచి వచ్చి నా వరండాలో కూర్చుని మళ్ళీ అదే అడుగుతుంది.

"బోర్లానే ఉందాక్కా?"

"ఉంది."

"నువ్వు చూసేవా?"

"చూసేను."

మొన్న మాత్రం కొత్త ప్రశ్న వేసింది.

"ఏ కాలిదక్కా?"

గట్టు మీంచి ఏ కాలిదో ఎవరికి కనబడుతుంది? నాకు తెలియదు. "ఎడమ కాలిది," అన్నాను.

తను కాలవకేసి చూసింది.

"ఎడమదే అయ్యుంటుంది. అమ్మకి నొప్పి ఆ కాలికే. కిందికి దిగేటప్పుడు అది ఆనేది కాదు."

"ఆఁ, అంతే," అన్నాను.

అన్నం వేళ అయింది. రోజూలాగే పిలిచాను, ఆశ లేకుండా. వచ్చి పీట మీద కూర్చుంది. ఆనపకాయ పులుసు పోసుకుని తిని, మారు అన్నం పెట్టమంది.