నోరికో ఆంటీకి సన్మానం

నాన్న మోకాలికి నొప్పి పట్టీ అంటించినప్పుడల్లా కర్పూరం, పుదీనా కలిసిన ఘాటు ఇల్లంతా పరుచుకుంటుంది. మా దగ్గర్లోని కానింగ్ వేల్ పేటలో ఏషియన్ షాపువాడు అమ్మే జపాన్ పట్టీలవి. ఆ వాసన తగలగానే పక్కింటి గరాజ్ తలుపు గరగరమంటూ పైకి లేచిన చప్పుడు వినిపిస్తుంది, తెల్ల బట్టలేసుకుని వట్టి కాళ్ళతో నిలబడ్డ పదేళ్ళ నేను కనిపిస్తాను, వెనకాలే సిగ్గు కూడా వచ్చి కూర్చుంటుంది.

అవి కంప్యూటర్లకి రెండువేల సంవత్సరం ఎలా చెప్పాలా అని లోకమంతా బెంగపడ్డ రోజులు. ఆ బెంగ పుణ్యమా అని ఒంగోలు కుర్రాడైన మా నాన్న ఆస్ట్రేలియాలో ఈ పెర్త్‌లో పడ్డాడు. మా వీధిలో అప్పటికి సగం ఇళ్ళు, సగం ఇసుక. ఎండాకాలం పొద్దున్నే ఈగలు ముసిరేవి, మధ్యాహ్నం తిరిగాక సముద్రపు గాలి వచ్చి ఆరేసిన బట్టల నిండా ఇసుక పోసి పోయేది. తెలుగువాళ్ళందరం ఒక్క హాల్లో సరిపోయేవాళ్ళం. గోంగూర దొరక్క అమ్మ పాలకూరలో నిమ్మకాయ పిండి, ఇదే గోంగూర అనుకుని తినండి అని దబాయించేది. అందరూ బుద్ధిగా అలాగే అనుకునేవాళ్ళు.

ఆ ఉత్తుత్తి గోంగూరని నిజంగా ఇష్టపడి తిన్నది పక్కింటి జపానావిడ నోరికో ఆంటీ ఒక్కతే. భర్త పోయాక ఒంటరిగా ఉంటూ, గరాజ్‌లో పిల్లలకి కరాటే నేర్పేది. మోకాలికి ఎప్పుడూ ఇలాంటి పట్టీయే ఉండేది. నన్ను దింపడానికి వచ్చిన నాన్న ఒకరోజు అక్కడి గోడ మీద ఫొటో చూసి నోరు తెరుచుకుని నిలబడిపోయాడు. కాలేజీ రోజుల్లో ఒంగోలులో మార్నింగ్ షోలో చూసిన కరాటే సినిమాల పిల్ల ఆవిడేనట! ఆ వారమంతా ఫోన్లో అందరికీ అదే చెప్పాడు.

మా వంటింటి బల్ల దగ్గర అమ్మకి ఆవిడ తన కథ కొంచెం కొంచెంగా చెప్పేది. ఇద్దరిదీ అరకొర ఇంగ్లీషే, అయినా మాటలు ఆగేవి కావు. జాలర్ల ఊరి పిల్ల, పల్టీలు బాగా కొడుతుందని సినిమాలోకి తీసుకున్నారు. మొదట హీరో చెల్లెలు, తర్వాత తనే హీరో. తన దెబ్బలన్నీ తనే తింది, మోకాలు అలాగే పోయింది. టిక్కెట్లు తెగడం తగ్గాక, ఒక సినిమాలో ఆవిడ మొదటిసారి ఓడిపోయే ఫైటు పెట్టారు, దాని వెనకే గూండాలు బట్టలు చింపే సీను ఒకటి పెట్టారు. షూటింగ్ రోజు దాకా ఆవిడకి చెప్పలేదు. ఒప్పందం మీద సంతకం పెట్టాను కాబట్టి చేశాను, మర్నాటి నుంచి స్టూడియో గడప తొక్కలేదు అంది. అది చెబుతున్నప్పుడు అమ్మ ఆవిడ పళ్ళెంలో అన్నం వడ్డిస్తూనే ఉండిపోయింది.

మనవాళ్ళకి ఎవరైనా పెద్దమనిషి దొరికితే శాలువా కప్పకుండా ఉండలేరు. ఆ ఉగాదికి నోరికో ఆంటీకి సన్మానం అన్నారు. నాన్న ఎక్కడెక్కడో గాలించి ఒక వీసీడీ తెప్పించాడు. అట్ట మీద పేరు చూడగానే అమ్మ, ఆంటీ చెప్పిన సినిమా అదేనని గుర్తుపట్టి, ఆ సినిమా వద్దండీ, ఆవిడకి బాధ అని చెప్పింది. ఇది తప్ప దొరకలేదు, ఫైటు దాకా వేసి ఆపేస్తాం అన్నాడు నాన్న.

ఉగాది రోజు అమ్మ ఆవిడకి తన వెంకటగిరి చీర కట్టింది. వేపపూవు లేక కాకరకాయ తురిమి వేసిన ఉగాది పచ్చడి తిని ఆవిడ ముఖం చిట్లించి నవ్వింది. పిల్లలం డేటాబేస్ అంకుల్ అని పిలిచే నాన్న స్నేహితుడు పంచాంగం చదివాడు, శాలువా కప్పారు, లైట్లు తీశారు. తెర మీద మా ఆంటీ! గాల్లోకి లేచి ఒక్క తన్నుతో ఇద్దర్ని పడగొడుతుంటే పిల్లలం బెంచీలెక్కి అరిచాం. తర్వాత ఆవిడ కింద పడింది. లేవలేదు.

అప్పుడు వచ్చింది ఈల. రెండు వేళ్ళు నోట్లో పెట్టి వేసిన పొడవాటి ఈల. దాని వెంట ముందు వరసల్లోంచి ఇంకో నాలుగు. సీను ఇంకా మొదలవనే లేదు. మొదటి ఈల ఎవరిదో నాకు వెంటనే తెలిసింది, పార్కులో నాన్న నన్ను ఇంటికి పిలిచేది ఆ ఈలతోనే. తెర మీద ఒక చెయ్యి ఆవిడ కాలర్ దాకా వచ్చేసరికి అమ్మ లేచి వెళ్ళి ప్లగ్గు పీకేసింది.

లైట్లు వేశాక చూస్తే, స్టేజీ మీద ఆంటీ శాలువాని మెడదాకా లాక్కుని కూర్చుని ఉంది. కోపంగా లేదు. నెమ్మదిగా ఇంగ్లీషులో అంది:

"సీను కంటే ముందే ఈల వేశారు. అయితే మీరందరూ ఆ సినిమాకి దీని కోసమే వెళ్ళారన్నమాట."

వంట చాలా బాగుందని అమ్మకి చెప్పి, ఆవిడ నడిచి వెళ్ళిపోయింది.

కారులో అమ్మ అడిగింది.

"ఆ ఈల మీదేగా?"

"అలవాటులో వచ్చేసిందే. ఐ డిడ్‌న్ట్ మీన్ ఇట్."

"అలవాటా? ఎన్నిసార్లు చూశారేంటి?"

నాన్న సిగ్నల్ దగ్గర పచ్చ లైటు పడినా కదల్లేదు. వెనక కారు హారన్ కొట్టింది. వెనక సీట్లో కూర్చున్న నాకు, ఆ కారు దిగి ఎటైనా పోతే బాగుండు అనిపించింది.

మర్నాడు మా గుమ్మం ముందు ఇస్త్రీ చేసిన చీర, దాని మీద శాలువా ఉన్నాయి. గరాజ్ తలుపు నాకోసం మళ్ళీ లేవలేదు. శీతాకాలం వచ్చేలోపు ఆవిడ ఇల్లు అమ్మేసి వెళ్ళిపోయింది. ఆ చీర అమ్మ ఎప్పుడూ కట్టలేదు.

ఇప్పుడు ఆ ఇల్లూ లేదు, ఆ ఇసుకా లేదు, అసలు గోంగూర కట్టలు కట్టలుగా దొరుకుతోంది. మొన్న సాయంత్రం పట్టీ అంటించుకున్న కాలుతో నాన్న నాతో, నా కూతురితో పార్కుకి వచ్చాడు. మా కుక్క తాడు తెంపుకుని దూరంగా పరిగెత్తింది.

"తాతా, క్యాన్ యు విజిల్?" అంది నా కూతురు.

నాన్న నా వైపు చూడలేదు.

"నాకు ఈల రాదు తల్లీ" అన్నాడు.

పిల్ల నమ్మేసి, కుక్క వెనక తనే పరిగెత్తింది.