అత్తగారి తలంటు

ఆవిడది బ్యూటీపార్లర్ ఉద్యోగం. పొద్దస్తమానం నిలబడి నలుగురి తలలూ కడిగి, జుట్టు కత్తిరించి ఇల్లు చేరేసరికి కాళ్లు కొయ్యబారిపోయేవి. గుమ్మంలోనే అత్తగారు ఆపేది.

"ఊరందరి వెంట్రుకలూ ముట్టుకొచ్చావు. నీళ్లు పోసుకుని లోపలికి రా."

చలికాలమైనా, ఒంట్లో బాగోకపోయినా అదే మాట. కోడలు ఎదురు చెప్పేది కాదు. తడి జుట్టుతోనే స్టవ్వు వెలిగించేది.

ఏళ్లు గడిచాక అత్తగారికి మతిమరుపు వచ్చింది. ముందు పేర్లు మరిచిపోయింది, తర్వాత మనుషుల్ని. ఆఖరికి నీళ్లంటేనే భయం పట్టుకుంది. మడి అంటే ప్రాణం పెట్టిన మనిషి, చెంబు కనబడితే చాలు, మంచం కోడు పట్టుకుని వదిలేది కాదు.

ఇంతలో కోడలి కూతురికి పాప పుట్టింది. పేరు పెట్టే రోజున ఇల్లంతా కడిగారు. అందరూ తలస్నానాలు చేశారు. పురోహితుడు పుణ్యాహవచనానికి కలశం సర్దుతున్నాడు. పెద్దావిడ మాత్రం మంచం దిగలేదు.

"పోనీలే, నాలుగు చుక్కలు చల్లించేద్దాం" అన్నాడు కొడుకు.

"మీ అమ్మకి తెలివుంటే ఆ మాటకి మిమ్మల్ని ఉతికి ఆరేసేది" అంది భార్య.

కోడలు పార్లర్‌లో వేసుకునే ఏప్రన్ కట్టుకుంది. స్నానాలగదిలో కుర్చీ వేసి, అత్తగారి ఎదుట నిలబడింది.

"రండి మేడమ్, మీదే వంతు."

పెద్దావిడ తేరిపార చూసింది. "నీళ్లు కళ్లలో పడతాయేమో."

"పడనివ్వనండీ. ఒక చెయ్యి మీ నుదుటి మీదే ఉంచుతాను."

పెద్దావిడ నెమ్మదిగా లేచి వచ్చి కుర్చీలో వాలింది. కోడలు గోరువెచ్చటి నీళ్లు వేళ్ల సందుల్లోంచి కొంచెం కొంచెంగా వదిలింది. అన్నేళ్ల కాపురంలో అత్తగారి తల మీద చెయ్యి వేయడం అదే మొదలు. జుట్టు పత్తిలా మెత్తగా ఉంది.

"చల్లని చెయ్యమ్మా నీది" అంది పెద్దావిడ కళ్లు మూసుకుని. "మా కోడలిదీ ఇదే పని."

"మంచిదేనాండీ?"

"బంగారం. నాదే కాస్త నోటి దురుసు."

"ఆ మాట ఆవిడతో అన్నారా?"

"అంటే నెత్తికెక్కి కూర్చోదూ?"

కోడలు నవ్వింది. సబ్బు చేతులు కావడంతో కళ్లు మోచేత్తో తుడుచుకుంది.

పురోహితుడు ఆకుతో నీళ్లు చల్లినప్పుడు పెద్దావిడ బెదరలేదు. పాప చెవిలో పేరు చెప్పారు. ఆ తర్వాత వారం వారం తలంటు సాగింది. పార్లర్ అమ్మాయి ఆలస్యం చేస్తోందని సణుగుతూ, పెద్దావిడే ముందుగా వెళ్లి కుర్చీలో కూర్చునేది.