మగ్గం గుంటలో సాలెపురుగు

వరంగల్ కొత్తవాడలో జంపఖానాలు నేసే మా వెంకటరాజం మామకు దేవుడంటే భక్తి, ఫోనంటే అంతకు మించిన భక్తి. అందులో వచ్చిందేదీ అబద్ధం కాదని ఆయన నమ్మకం. ఆదివారం ఒక వీడియో వచ్చింది: కుడితే కాలు కుళ్లిపోయే సాలెపురుగు వరంగల్ దాకా వచ్చిందట. చూసిన దగ్గర్నుంచి ఆయన మనసు మనసులో లేదు.

భయం ఊరికే కాదు. మగ్గం మీద కూర్చుంటే కాళ్లు గుంటలో పెట్టాలి. కింద తొక్కుడు కర్రలు, చీకటి, మూలమూలనా బూజు. కాలు పోతే నేత పోయినట్టే. నలభై ఏళ్లుగా ఆయనకు తెలిసిన పని అదొక్కటే.

"మన దిక్కు ఆ పురుగు లేదు మామా. జర ఆగు, తెలిసినోళ్లను అడుగుదాం" అన్నాను.

"నువ్వు అడిగొచ్చేసరికి నా కాలు పోతది. నీకేంది!" అని నామీదే లేచాడు.

మర్నాడు నెక్కొండలో పత్తి వేసే బామ్మర్ది కట్టయ్య దగ్గర్నుంచి పురుగుల మందు తెచ్చి, చుక్క నీళ్లు కలపకుండా గుంటంతా పోశాడు. సీసా ఖాళీ అయ్యాక గానీ ధైర్యం రాలేదు. సాయంత్రం మగ్గం ఎక్కాడు.

బుధవారం పొద్దున పిక్కల మీద ఎర్రటి బొబ్బలు.

"కుట్టింది! నేను జెప్తే ఇన్నవా?" అని నామీద అరిచాడు. ఇక గుంటలోకి దిగనన్నాడు. నాకూ భయమేసింది. లేదని చెప్పింది నేనే కదా. రెండు రోజులు పసుపు రాసి చూసి, తగ్గకపోయేసరికి శుక్రవారం దవాఖానకు తీసుకుపోయాను. ఆయన భార్య విమలమ్మత్త కూడా వచ్చింది.

"వీడియోల జూపిన సాలెపురుగు కుట్టింది, కాలు దక్కుతదా డాక్టరమ్మా?" అని మామ అడిగాడు.

"ఆ పురుగు మన దగ్గర ఉన్నట్టు నేనెక్కడా వినలేదు. కాళ్లకు ఏం తగిలింది?"

మామ గుంటలో పోసిన మందు సంగతి చెప్పాడు.

"అదే కాల్చింది. మీ కాలికేం కాదు. గుంటలో మన్నంతా తీసి పారేసేదాకా ఎవరూ అందులో కాళ్లు పెట్టొద్దు."

నవ్వబోయిన మామ మొహం పాలిపోయింది. ఆయన దిగనన్న రోజు నుంచి ఆ మగ్గం మీద నేస్తున్నది అత్తే. గుంటలో పురుగుందని నమ్మి కూడా ఆయన ఆమెను వద్దనలేదు.

"నీ కాళ్లు చూపియ్యి" అన్నాడు.

అత్త చీర కాస్త ఎత్తింది. రెండు పిక్కలూ బొబ్బలే.

"నాకు గూడ పురుగే కుట్టిందనుకున్న" అంది. "నీ కాలు ఫికర్ల నువ్వున్నవు. ఇంక నాది ఏం జెప్పాలె?"