మూకీ సినిమాకి నా డబ్బింగ్

నోరు మూసుకుని సినిమా చూడటం నా వల్ల కాదు. మూకీ సినిమా అయితే మరీనూ!

మొన్నామధ్య ఓ శనివారం మధ్యాహ్నం, బయట ఎడతెరిపి లేకుండా మంచు. లైబ్రరీ నుంచి ఓ పాత జపాన్ సినిమా తెచ్చాను. మొగుడూ పెళ్లాల కాపురం కథ. మధ్యమధ్యలో వచ్చే మాటల కార్డులన్నీ జపనీసే, సబ్‌టైటిల్స్ లేవు. ఆ రోజుల్లో అక్కడ తెర పక్కన ఒకాయన నిలబడి కథంతా చెప్పేవాడట. మేముండే నేపర్‌విల్‌లో ఆ ఉద్యోగం ఖాళీగానే ఉంది కదా! రిమోట్ మైకులా పట్టుకుని టీవీ పక్కన నిలబడ్డాను. ప్రేక్షకురాలు మా ఆవిడ ఒక్కతే, ఒళ్లో వేయించిన పల్లీల గిన్నెతో.

మొగుడికి గంభీరమైన గొంతు పెట్టాను. పెళ్లానికి సన్న గొంతు. పాపం ఆవిడ టీ పోసినా, తల దించినా ఒకటే డైలాగు: "మీ ఇష్టమండీ." మా ఆవిడ పడీపడీ నవ్వింది. నేను రెచ్చిపోయాను.

ఇంతలో తెరమీద మొగుడు ఏదో కాగితం తెచ్చి పెళ్లాం ముందు పెట్టాడు. "వేరే స్టేట్‌లో, నోవైలో కొత్త జాబ్. ఆఫర్ యాక్సెప్ట్ చేసేశాను. వచ్చే నెల మూవ్ అయిపోదాం," అన్నాను గంభీరంగా.

అది డైలాగు కాదు, నిజం. గురువారమే సంతకం పెట్టేశాను. మా ఆవిడకి చెప్పే దమ్ము లేక రెండ్రోజులుగా ఇంట్లో పిల్లిలా తిరుగుతున్నాను. జోకులో చుట్టి చెప్పేస్తే సరిపోతుందనుకున్నానే, నా తెలివి తెల్లారినట్టే ఉంది!

తెరమీద పెళ్లాం కాగితం కేసి చూసింది. నేను గొంతు సన్నం చేశాను. "మీ ఇష్ట..."

"ఆగండి. ఆవిడ మాటలు నేను చెప్తాను," అంది మా ఆవిడ. నవ్వడం లేదు, జోకు కాదని పసిగట్టేసింది. గిన్నె పక్కన పెట్టింది.

"ఈ దేశంలో వర్క్ పర్మిట్ కోసం నాలుగేళ్లు ఈ ఇంట్లో కూర్చున్నాను. మొన్న వేసవిలోనే కదా హాస్పిటల్‌లో జాబ్ వచ్చింది! నేను రాను. ముందే ఒక్క మాట అడిగి ఉంటే వచ్చేదాన్నేమో."

నాకు తల కొట్టేసినట్టయింది. టీవీలో మొగుడు పెదాలు కదుపుతూనే ఉన్నాడు.

"ఆయనేదో అంటున్నాడు. చెప్పండి," అంది.

అప్పటిదాకా ఇద్దరి మాటలూ వాగినవాణ్ణి, ఒక్కడి మాట చెప్పలేకపోయాను. సినిమా ఆపేసి పక్కన కూర్చున్నాను. "తప్పయిపోయింది. ఏం చెయ్యమంటావో నువ్వే చెప్పు."

"సోమవారం వాళ్లకి మెయిల్ పెట్టండి, రానని."

"నీ ఇష్టం," అన్నాను. గంభీరంగానే అందామనుకున్నాను. సన్న గొంతే వచ్చింది.