నలభై ఐదుకి నాలుగు

నా ఫోన్‌లోని ఆటలో స్నేహితుల జాబితా ఒకటి ఉంటుంది. ఎవరు చివరిసారి ఎప్పుడు ఆడారో ఒక్కో పేరు కింద చూపిస్తుంది. అందులో టీచర్‌గారి పేరు ఇంకా ఉంది. ఆ పేరు కింద రోజుల సంఖ్య పొద్దున్నే ఒకటి పెరుగుతుంది. వెనక్కి లెక్కేస్తే అది ఆవిడ పోయిన రోజు దగ్గర ఆగదు. ఆవిడ జ్ఞాపకార్థ కూడిక అయిపోయిన తర్వాతి ఆదివారం దగ్గర ఆగుతుంది. ఆ సాయంత్రం ఆవిడ ఫోన్ పట్టుకుని బటన్ నొక్కింది నేను. జాబితాలోంచి ఆ పేరు తీసేయడం క్షణం పని. రెండేళ్లుగా నాకు చేతకావడం లేదు.

ఆట గురించి తెలియనివాళ్లకు రెండు ముక్కలు చెప్పాలి. ఫోన్ పట్టుకుని వీధుల్లో నడుస్తుంటే తెర మీద వింత జీవులు కనిపిస్తాయి. వేలితో బంతి విసిరి పట్టుకోవాలి. చూడ్డానికి ఒకేలా ఉన్న రెండు పిట్టల బలం ఒకటి కాదు. ప్రతిదానికీ లోపల మూడు మార్కులుంటాయి: దాడికి, రక్షణకు, ఓపికకు. ఒక్కోటి సున్నా నుంచి పదిహేను వరకు. మొత్తం నలభై ఐదు. ఇప్పుడైతే ఆ మూడింటినీ గీతల్లో చూపిస్తున్నారు గానీ, మొదట్లో చూపేవారు కాదు. పైకి కనిపించే బలం అంకెని బట్టి మనమే లెక్క కట్టుకోవాలి.

నాకు ఆ లెక్కంటే పిచ్చి. అమీర్‌పేటలో కోర్సు చేయడానికి కాకినాడ నుంచి వచ్చి, కోర్సు అయిపోయి, పంజాగుట్టలో ఒక ఆఫీసులో ఎక్సెల్ షీట్లు నింపే ఉద్యోగంలో పడి, మధురానగర్ హాస్టల్లో ముగ్గురుండే గదిలో ఒక మంచం సంపాదించుకున్నదాన్ని. నాదంటూ గొప్పగా చెప్పుకోవడానికి ఆ లెక్క ఒక్కటే ఉండేది. సాయంత్రం కాలనీ పార్కులో ఆడేవాళ్లు నాకు ఫోన్లు చూపించి ఏది ఉంచుకోవాలి, ఏది వదిలేయాలి అని అడిగేవారు. నేను పెద్ద డాక్టరులా ముఖం పెట్టి, ఇది దండగ, తీసేయండి అనేదాన్ని. ఎదుటివాళ్ల ముఖం చిన్నబోతే లోపల్లోపల సంతోషించేదాన్ని కూడా. అప్పటి నన్ను తలుచుకుంటే నాకే ఒళ్లు మండుతుంది.

నా లెక్కని తప్పు పట్టిన మనిషి టీచర్‌గారు ఒక్కరే.

ఆవిడ ముప్ఫై ఏళ్లకు పైగా బడిలో లెక్కలు చెప్పి రిటైరయ్యారు. బల్కంపేటలో ఇల్లు. రోజూ నడవాలని డాక్టరు చెబితే, ఊరికే నడవడం విసుగని ఈ ఆట మొదలుపెట్టారు. పక్కన వాళ్లాయన ఉండేవారు. ఆయన్ని నేను అంకుల్ అనేదాన్ని. ఆటంటే ఆయనకి నవ్వు. కానీ రోజూ పొద్దున్నే ఆవిడకి ఆటలో ఒక బహుమతి పంపడం కోసం ఆయన ఫోన్‌లో కూడా ఆట పెట్టించారావిడ. ఆయన ఆడిందల్లా అంతే.

"ఏం బిడ్డా, మూడు జవాబులొస్తే ఒక్కటే చెప్తున్నవేంది?" అన్నారు టీచర్‌గారు మొదటిరోజు, నా భుజం మీదుగా చూసి. "మిగిలినయి యాడబోయినయి?"

నిజమే. ఒక్కోసారి రెండు మూడు జవాబులు వస్తాయి. నేను నాకు నచ్చినదాన్ని చెప్పేసేదాన్ని. ఆవిడ పాత పరీక్ష పేపర్ల వెనక పెన్సిల్‌తో మూడు నిలువు వరుసలు గీసి, కుదరనివాటిని ఒక్కొక్కటే కొట్టేసేవారు. ఆట తనంతట తాను మార్కులు చూపించడం మొదలుపెట్టాక కూడా మానలేదు. "ముందు చెయ్యి, తర్వాత చూడు" అనేవారు. పుస్తకం వెనక జవాబులు ముందే తిప్పి చూసే పిల్లలంటే ఆవిడకి ఎంత చిరాకో, గీతలు ముందు చూసే నన్ను చూసినా అంతే.

ఆవిడ ఫోన్‌లో ఒక గోధుమరంగు పిట్ట ఉండేది. ఆ పిట్టలు ఊళ్లో ఎక్కడ పడితే అక్కడ దొరుకుతాయి, ఎవరూ ఉంచుకోరు. పైగా దీని మార్కులు ఒకటి, మూడు, సున్నా. నలభై ఐదుకి నాలుగు. అంత అధ్వానమైనదాన్ని నేను చూడలేదు. తీసేయండని పోరాను.

"ఎందుకు తీస్తా? సున్నా మార్కులొచ్చినోని పేరు నా రిజిష్టర్ల ఏనాడన్న కొట్టేసిన్నా?" అన్నారు.

ఆవిడ ఫోన్‌లో ఉన్న వందలకొద్దీ జీవుల్లో అంకుల్ చేత్తో పట్టింది అదొక్కటే. ఆవిడ జ్వరంతో ఆసుపత్రిలో ఉండి ఇంటికొచ్చిన మొదటివారం, బల్కంపేట సందులో, సెలైన్ ఎక్కించిన చెయ్యి ఇంకా నొప్పిగా ఉంటే ఆయన విసుక్కుంటూ బంతి విసిరారట. ఒక్క విసురుకి పడిందట. ఆవిడ ఆ రాత్రి కూర్చుని లెక్క కట్టి, చిన్న కాగితం మీద 1, 3, 0 అని రాసి, కింద గీత గీసి 4 అని, ఆ పక్కన పాస్ అని రాసి, ఫోన్ కవర్ వెనక పెట్టుకున్నారు. ఆ కాగితం నాకు చాలాసార్లు చూపించారు.

మరుసటి ఏడు ఆవిడ పోయారు. మెదడులో గడ్డ కట్టిందన్నారు. చివరి నెలల్లో నన్ను వాళ్లమ్మాయి పేరుతో పిలిచేవారు. ఒకరోజు పార్కులో పేపరు ముందు పెట్టుకుని, పెన్సిల్ పట్టుకుని, ఏం చేయాలో గుర్తురాక చాలాసేపు అలాగే కూర్చున్నారు. నేను చూసి, చూడనట్టు నా ఫోన్‌లోకి తల దించుకున్నాను.

జ్ఞాపకార్థ కూడిక తర్వాతి ఆదివారం అంకుల్ రెండు ఫోన్లు పట్టుకుని పార్కుకి వచ్చారు. టీచర్‌గారి ఫోన్ తెర సగం నల్లబడింది. ఆట పాస్‌వర్డు ఎవరికీ తెలియదు. ఆ ఫోన్ పోతే అందులో ఉన్నవన్నీ పోతాయి.

"అన్నీ ఒద్దు బిడ్డా. గా పిట్ట ఒక్కటి నా ఫోన్లకి రావాలె. అయితదా?"

అవుతుంది. ఇద్దరు స్నేహితులు పక్కపక్కన నిలబడి ఒక జీవిని మార్చుకోవచ్చు. కానీ మార్చుకున్నప్పుడు దాని మూడు మార్కులూ కొత్తగా పడతాయి. పట్టిన చోటు, పట్టిన రోజు అలాగే ఉంటాయి, అంకెలు మాత్రం వేరే. అది నాకు బాగా తెలుసు. దానికి తోడు ఇంకొకటి కూడా తెలుసు: ఇద్దరి మధ్య స్నేహం ఎంత పాతదైతే కనీస మార్కు అంత పెరుగుతుంది. రోజూ పొద్దున్నే ఒకరికొకరు బహుమతులు పంపుకున్న ఆ మొగుడూ పెళ్లాలది ఆటలో అన్నిటికంటే పై మెట్టు స్నేహం. అంటే అయిదుకి తక్కువ ఏ మార్కూ పడదు. ఒకటి, మూడు, సున్నా రావడం అసాధ్యం.

"గదే వస్తది గదా?" అని అడిగారాయన.

"అదే వస్తుంది అంకుల్" అన్నాను. ఇంకా మెరుగై వస్తుంది, ఆయన ఆశ్చర్యపోవాలి, అదీ నా ఆలోచన. దుఃఖంలో ఉన్న మనిషికి మంచి మార్కులు బహుమతిగా ఇద్దామనుకున్న తెలివి నాది.

ఒక్కో చేత్తో ఒక్కో ఫోన్ పట్టుకుని రెండు బటన్లూ నేనే నొక్కాను. పిట్ట ఒక తెర మీద మాయమై ఇంకో తెర మీద దిగింది. మార్కులు తెరిచాను. పద్నాలుగు, పన్నెండు, పదిహేను. నలభై ఐదుకి నలభై ఒకటి. "అంకుల్! చూడండి, ఎంత వచ్చిందో!" అని అరిచాను. పార్కులో నడిచేవాళ్లు తిరిగి చూశారు.

ఆయన కళ్లజోడు పెట్టుకున్నారు. టీచర్‌గారి ఫోన్ కవర్ విప్పి ఆ కాగితం తీశారు. కాగితాన్నీ తెరనీ మార్చి మార్చి చూశారు.

"ఆమె గీడ వేరే రాసింది గదా?"

ఏం చేశానో నాకు అప్పుడు తెలిసింది. మార్కులు మారతాయని తెలిసే మార్చాను, మీకు చెప్పలేదు అనాలి. "అది... పాత లెక్క అంకుల్" అన్నాను.

ఆయన సరేనని తల ఊపి కాగితం మడిచి జేబులో పెట్టుకున్నారు. పదిరోజులకి టీచర్‌గారి ఫోన్ పూర్తిగా చచ్చిపోయింది.

ఆయన పార్కుకి రావడం మానలేదు. తిట్టలేదు, అలగలేదు. కానీ వారానికోసారి నా పక్కన కూర్చుని ఫోన్ ఇచ్చేవారు. "జర సూడు బిడ్డా, ఎంత సూపిస్తుంది?"

"అంతే అంకుల్. నలభై ఒకటి."

"దిగలే?"

"దిగదు అంకుల్."

జ్వరం ఎంతుందో అడిగినట్టు అడిగేవారు. నేనూ అలాగే చెప్పేదాన్ని. హాస్టల్‌కి వెళ్లాక అన్నం సహించేది కాదు. ఆవిడ పిట్టను ఆవిడ ఫోన్‌లోంచే పంపించేశాను, ఆయనేమో తిరిగొస్తుందని చూస్తున్నారు అనుకునేదాన్ని.

అలాంటిదే ఇంకొకటి వెతకాలని అప్పుడు పట్టుకుంది నాకు. సున్నాతో కలిపి ఒక్కో మార్కుకి పదహారు అంకెలు; పదహారు పదహార్లని మళ్లీ పదహారుతో గుణిస్తే నాలుగు వేల తొంభై ఆరు. అన్నిట్లో ఒక్కటి. హాస్టల్ నుంచి మెట్రో మెట్ల దాకా, అక్కడి నుంచి పంజాగుట్ట ఆఫీసు దాకా, బల్కంపేట గుడి వీధిలో, యూసుఫ్‌గూడ సందుల్లో, కనబడిన గోధుమరంగు పిట్టనల్లా పట్టాను. గీతలు ముందు చూడలేదు. ప్రతిదానికీ కాగితం మీద మూడు వరుసలు గీసి, కొట్టేసి, అప్పుడే చూశాను. ముందు చెయ్యి, తర్వాత చూడు. పెన్సిల్ తప్పుగా కదిలినప్పుడల్లా నా భుజం వెనక ఎవరో నిలబడినట్టు అనిపించేది. రెండుసార్లు నిజంగానే తిరిగి చూశాను. మెట్రో బోగీలో నా వెనక నిలబడ్డ మనిషి, ఏంటన్నట్టు కనుబొమ్మలెగరేశాడు. సగం పూర్తయిన లెక్కల కాగితాలు ఒక సంచి నిండాయి. హాస్టల్లో పక్క మంచం అమ్మాయి ఈ పిల్లకి గాలి సోకిందని వార్డెన్‌తో చెప్పింది. నేను కాదనలేదు.

మొన్న వానాకాలంలో దొరికింది. మధ్యాహ్నం భోజనానికి దిగి, పంజాగుట్ట ఫ్లైఓవర్ కింద వాన తగ్గడానికి నిలబడ్డప్పుడు. కాగితం మీద మూడు జవాబులు మిగిలాయి. వాటిలో ఒకటి 1, 3, 0. గీతలు తెరిచాను. మొదటి గీతలో ఒక్క గడి. రెండోదాంట్లో మూడు. మూడోది ఖాళీ. అక్కడే నిలబడి ఏడ్చాను.

ఇది ఆయనకి ఇవ్వడానికి లేదని తెలుసు. ఇస్తే మళ్లీ అంకెలు మారిపోతాయి. కనీసం చూపిద్దామని ఆదివారం పార్కుకి పరిగెత్తాను.

ఆయన కళ్లజోడు పెట్టుకుని, కాగితం తీసి, ఒక్కో గడీ వేలితో లెక్కపెట్టారు. ఒకటి. మూడు. సున్నా.

"అంటే గిసుంటి లెక్క సుత ఉంటదన్నట్టు" అన్నారు. "నేను ఆమెనే తప్పు రాసిందనుకున్న."

నాకు అర్థం కాలేదు.

"పాత లెక్క అన్నవు గదా నువ్వు. పెన్సిల్ పట్టి ఏనాడూ తప్పు చెయ్యని మనిషి. నలభై ఒకటి ఉన్నకాడ నాలుగని రాసిందంటే... అప్పటికే తలల తేడా మొదలైందన్నట్టే గదా బిడ్డా. ఏడాది ముందుగాల. కాయితం ఫోన్ ఎనకనే ఉండె, రోజు సూస్తుంటి, నాకు సమజ్ కాలే. అప్పుడే డాక్టర్‌కు సూపిచ్చి ఉంటే దక్కేదేమో. రెండేండ్ల సంది గదే కొడ్తుంది నన్ను. అందుకే నిన్ను అడుగుడు, జర సూడు, జర సూడు అని. నువ్వు ఒక్కసారన్న నాలుగే ఉందని చెప్తవేమోనని."

నేను పిట్ట కోసం ఊరంతా తిరుగుతున్న రెండేళ్లూ ఆయన నా ఒక్క అబద్ధాన్ని పట్టుకుని తనని తాను చంపుకుంటున్నారు. నిజం చెప్పడానికి ఒక్క నిమిషం పట్టేది.

అప్పుడు చెప్పాను. ఫోన్ మారినప్పుడు మార్కులు మారతాయని, అది నాకు ముందే తెలుసని, ఆవిడ రాసిందే సరైన లెక్కని, గీతల్లో కూడా నాలుగే ఉండేదని, నా కళ్లతో చూశానని.

"సరిగ్గనే చేసిందా?"

"సరిగ్గానే చేశారు అంకుల్."

"జర చేసి సూపియ్యి."

బెంచీ మీద కాగితం పరిచాను. పిట్ట పట్టిన నాటి బలం ఆవిడ కాగితం మూలన రాసుకున్నారు. ఆ అంకెతో మొదలుపెట్టి, మూడు వరుసలు గీసి, ఆవిడ చేసినట్టే ఒక్కొక్కటీ కొట్టేస్తూ వచ్చాను. ఆయన ప్రతి అంకెకీ వంగి చూశారు. చివర ఒకటి, మూడు, సున్నా మిగిలాయి. ఆయన ఆవిడ కాగితాన్ని నా కాగితం పక్కన పెట్టి, అరచేత్తో రెండింటినీ కలిపి అదిమి పట్టుకున్నారు.

"ముందుగాల చెప్పొద్దా బిడ్డా" అన్నారు. కోపంగా కూడా కాదు. లేచి వెళ్లిపోయారు.

ఆయన ఇంకా ఆదివారాలు వస్తారు. బాగున్నవా బిడ్డా అంటారు, నడుస్తారు, వెళ్తారు. ఫోన్ చేతికివ్వరు. నేను పక్కన చోటు వదిలి కూర్చుంటాను. జర సూడు అన్న మాట కోసం నా చెవులు ఇప్పటికీ ఎదురు చూస్తాయి. నలభై ఒకటి అంకుల్ అన్న జవాబు నోటి దాకా వచ్చి ఆగిపోతుంది.