రైస్ మిల్లులో చెంపదెబ్బ

కరోనా తగ్గిన మరుసటి ఏడు, ఎండాకాలం. మిర్యాలగూడ దగ్గర ఒక రైస్ మిల్లులో సినిమా షూటింగ్. రైతులను తూకంలో మోసం చేసే గుమాస్తా వేషం నాది. మా బోటివాళ్లను క్యారెక్టర్ ఆర్టిస్టులంటారు. హీరోకు కోపమో జాలో తెప్పించి పక్కకు తప్పుకోవడమే మా పని.

అంతకుముందు ఏళ్ల తరబడి సూర్యాపేట, కోదాడ స్టేజీల మీద పద్యనాటకాలాడాను. అన్నీ రాజు వేషాలే. నా భార్య సుజాత నన్ను మొదటిసారి చూసింది కూడా కిరీటంతోనే.

ఆ రోజు హీరో నన్ను చెంపమీద కొట్టాలి. మామూలుగా చెయ్యి ముఖానికి తగలకుండా పోతుంది, చప్పుడు తర్వాత కలుపుతారు. కానీ ఇది క్లోజప్, అంటే తెర నిండా ముఖమే. నిజంగానే తగలాలన్నాడు డైరెక్టర్. సరేనన్నాను.

అప్పుడు కనబడింది సుజాత, తాడు అవతల జనంలో. నాకు చెప్పకుండా మా వాడకట్టు ఆడవాళ్లను వెంటబెట్టుకుని వచ్చింది.

దెబ్బ పడింది. జనం నవ్వారు.

"కట్! ముఖం తిప్పుతున్నవన్నా. ఇంకోసారి."

మళ్లీ దెబ్బ. మళ్లీ కట్. మా పెద్దోడి ఈడు హీరో ప్రతిసారీ "సారీ అంకుల్" అంటున్నాడు. దెబ్బకన్నా ఆ మాటే ఎక్కువ మండింది. మా వాడకట్టువాళ్ల వైపు చూడలేకపోయాను.

బ్రేక్ ఇవ్వగానే ధాన్యం బస్తాల చాటుకు పోయాను. సుజాత అక్కడికీ వచ్చింది.

"ఎందుకొచ్చినవ్? ఇంటికి పో."

"పోత గని, నేను కనబడ్తనని ముఖం తిప్పుతున్నవ్. గందుకే మళ్ల మళ్ల కొడ్తున్నరు."

"నీ ముందట గిట్ల..." అంటూ బస్తాల వైపు తిరిగాను.

"రాజు వేషమేస్తే సూసిన. గిది సూడొద్దా? కెమెరా పక్కకు నిలబడ్త. నా దిక్కే సూడు."

డైరెక్టర్‌ను అడిగి అక్కడే నిలబడింది. చూశాను. దెబ్బ పడింది. తన కళ్లల్లో నీళ్లు తిరిగాయి కానీ చూపు దించలేదు. నేనూ దించలేదు.

"ఓకే!" అని డైరెక్టర్ చప్పట్లు కొట్టాడు. "ఆ సిగ్గు ఎట్ల తెచ్చినవన్నా ముఖంల?"

తువ్వాలతో ముఖం తుడుచుకున్నాను.

సినిమా వచ్చాక సూర్యాపేట థియేటర్‌లో ఆ దెబ్బకు ఈలలు వేశారు. బయట చాలామంది చెయ్యి కలిపి, ఇరగదీశావన్నారు. తల వంచుకుని నవ్వాను. సిగ్గుపడినట్టు నటించడం నాకు ఇప్పటికీ రాదు. సిగ్గుపడుతూనే నిలబడటం మాత్రం ఆ మిల్లులో నేర్చుకున్నాను.