యూదుల చరిత్ర, మా ఊరి బావి

నేను పుట్టిన ఊరు ఇప్పుడు లేదు. డెబ్భైల్లో ఉక్కు కర్మాగారానికి భూములు తీసుకున్నప్పుడు మా ఊరూ అందులో పోయింది. తలుపులు, దూలాలు ఊడదీసి బండ్లకెత్తి, గాజువాక దగ్గర నిర్వాసితుల కాలనీకి వచ్చేశాం. అప్పటికి నేనింకా బడి పిల్లని. సేద్యం తప్ప మరో పని తెలియని మా నాన్న కొన్నాళ్ళు పోర్టులో మూటలు మోశాడు. తర్వాత నిర్వాసితుల కోటాలో ప్లాంటులోనే ఖలాసీగా చేరాడు. ఒకప్పుడు నాగలి పట్టిన నేల మీదికే రోజూ డ్యూటీకి వెళ్ళేవాడు. ఆ సంగతి ఇంట్లో ఎవరం ఎత్తేవాళ్ళం కాదు.

నేను బి.ఏ.లో చరిత్ర చదివాను. ప్లాంటు కట్టడానికి రష్యా నుంచి ఇంజనీర్లు వస్తున్నారు, ఆ భాష వస్తే ఉద్యోగం ఖాయం అని అందరూ చెప్పుకునే రోజులవి. సాయంత్రం క్లాసులకి వెళ్ళి రష్యన్‌లో డిప్లొమా చేశాను. ఎనభైల మధ్యలో ప్లాంటు అనువాద విభాగంలో టెంపరరీ పని దొరికింది. డ్రాయింగుల మీది రష్యన్ మాటల్ని ఇంగ్లీషులోకి మార్చి టైపు కొట్టాలి. నేను చేసింది సరిచూడ్డానికి అక్కడి నుంచి వచ్చిన ఒక దుభాషి ఉండేవారు. యాభై దాటిన మనిషి. పొట్టి జుట్టు, నూలు గౌను, మండుటెండలో కూడా గొడుగు లేకుండా నడక. మా అమ్మ పెట్టిన మాగాయని రొట్టె మీద రాసుకుని తినేవారు. అందరిలాగే నేనూ ఆవిణ్ణి మేడమ్ అనేదాన్ని.

ఒకరోజు భోజనాల వేళ, "మీరు రష్యన్లే కదా మేడమ్?" అని అడిగాను.

"కాదు. మా దేశంలో పాస్‌పోర్టులో అయిదో గడి ఒకటుంటుంది. అందులో జాతి రాస్తారు. నాది యూదు" అన్నారు.

"యూదులా? బైబిల్లో ఉన్నవాళ్ళా?" అనేశాను. మా వీధి చర్చి మైకులో ప్రతి ఆదివారం వినిపించే మాట అది. అంతకు మించి నాకేమీ తెలియదు.

ఆవిడ కళ్ళలో నీళ్ళొచ్చేదాకా నవ్వారు. "లోకమంతా అలాగే అనుకుంటుంది, మా కథ అక్కడితో అయిపోయిందని. ఆ తర్వాత ఇన్ని వందల ఏళ్ళు ఏం తిన్నాం, ఎలా బతికాం, ఏం పోట్లాడుకున్నాం, ఎవరూ అడగరు."

నేను అడిగాను. అలా మొదలైంది. ఆ ఏడాదంతా భోజనాల వేళ ఆవిడ చెబుతూంటే నేను వింటూండేదాన్ని.

ఆవిడది నల్ల సముద్రం ఒడ్డున ఒక రేవు పట్నం. తండ్రి చరిత్ర మాస్టారు. చాలా శతాబ్దాల పాటు తమవాళ్ళు చరిత్ర రాయడం కన్నా గుర్తుపెట్టుకోవడం మీదే బతికారని చెప్పారు. ఎప్పుడో పూర్వం తమ పెద్ద గుడిని శత్రువులు కూల్చిన రోజున ఏటా ఉపవాసం. పూర్వీకులు దాస్యం నుంచి బయటపడ్డ రోజున, అందరూ ఒకచోట భోజనానికి కూర్చుని, ఆ బయటపడ్డది మనమేనని పిల్లలకి చెప్పుకోవడం. అంతకన్నా చరిత్ర అవసరమని వాళ్ళకి అనిపించలేదు. తర్వాత, జర్మనీలో కొందరు కుర్రవాళ్ళు వేదపాఠశాలల వంటి తమ బడుల నుంచి యూనివర్సిటీలకి వెళ్ళారు. ఈ ప్రార్థన ఎవరు కట్టారు, ఏ కాలంలో, ఎందుకు అని అడగడం మొదలుపెట్టారు. ఇలా తవ్వితే భక్తి పోతుందని పెద్దలు భయపడ్డారు. మన గతం ఎంత గొప్పదో చూపిస్తే ప్రభుత్వాలు మనల్నీ మనుషులుగా చూస్తాయని కుర్రవాళ్ళలో కొందరు ఆశపడ్డారు.

"మా వైపు వచ్చేసరికి ఇంకో మాట పుట్టింది. చరిత్రంటే పండితులూ గ్రంథాలూ మాత్రమే కాదు. సమాధి రాళ్ళు, ఆడవాళ్ళ పాటలు, కుట్టుపనివాళ్ళ సంఘాల కట్టుబాట్లు, అన్నీ చరిత్రే. మనకి రాజ్యం లేదు, దస్తావేజులు దాచే కచేరీ లేదు. కాబట్టి ఎవరి ఊళ్ళో వాళ్ళే పోగుచెయ్యండి అన్నారు. చిన్న చిన్న ఊళ్ళ కొట్ల వాళ్ళు, విద్యార్థులు కాగితాలు పోగేసి పంపారు. మా తాత పుస్తకాలు బైండు చేసేవాడు. సమాధి రాళ్ళ మీది రాతలన్నీ ఎత్తి రాశాడు."

ఆ పని తండ్రి కొనసాగించాడు. కొన్నాళ్ళకి అలాంటి చదువులన్నీ ప్రభుత్వం మూయించేసింది. తర్వాత యుద్ధం. చిన్నపిల్లగా ఉన్న ఆవిడని తీసుకుని తల్లి తూర్పు వైపు వెళ్ళే రైలెక్కింది. తండ్రి కదల్లేదు. ఊళ్ళో మిగిలిన యూదులతోపాటు ఆయన్నీ జర్మన్లు చంపేశారు. రాసినవన్నీ ఇంటితోపాటు పోయాయి. ఇది చెప్పి ఆవిడ కిటికీ లోంచి బయట క్రేన్ల వైపు చూపించారు. అప్పుడు నన్నడిగారు.

"మీ ఊరి చరిత్ర ఎవరు రాశారు?"

"మా ఊరికి చరిత్రేముంది మేడమ్? రాజుల్లేరు, కోటల్లేవు."

"మాకూ లేవుగా" అన్నారావిడ.

ఆ ఆదివారం మా ఇంటికొచ్చారు. మా నానమ్మ ఆవిడ్ని ఎగాదిగా చూసి నన్ను పక్కకి లాగింది.

"ఓలమ్మ! ఈ దొరసానమ్మకి మనూరుతో ఏటే పని?"

"మనూరెలా ఉండేదో సెప్పమంటన్నారే."

"సెప్పడానికేటుంది? మనూరు బంగారం. అందరం ఒక్క కుటుంబంలాగుండేవోళ్ళం. ఎంత కరువొచ్చినా మన బావి ఎండనేదు. ఊరు ఊరంతా ఆ నీల్లే తాగి బతికింది."

ఆవిడ అడుగుతూ పోయారు, నేను రెండు వైపులా మాటలు మోశాను. ఎవరు ఏ పండక్కి ఏం వండేవారు, ఊళ్ళోకి అమ్మకానికి ఎవరొచ్చేవారు? నానమ్మ ముఖం వెలిగిపోయింది. విశాఖ పాతపట్నం నుంచి గాజుల సాయిబు వచ్చేవాడంది. "ఏ ఇంట్లో పెళ్ళి కుదిరినా మాకంటే ముందు ఆడికే తెలిసీది!" అని నవ్వింది. నేను పనికిరాని డ్రాయింగు కాగితాల వెనక రాసుకుంటూ కూర్చున్నాను. ఆమెకి ఇన్ని సంగతులు గుర్తున్నాయని నాకంతవరకూ తెలియదు.

వెళ్ళేటప్పుడు మేడమ్ అన్నారు, "బాగుంది. ఇప్పుడు ఇంకొకర్ని అడుగు. జ్ఞాపకానికి ఒక్క మనిషి చాలు. చరిత్రకి రెండో మనిషి కావాలి."

మా కాలనీ చివరి వరసలో మా ఊరి వాళ్ళే ఉండేవారు. ఊళ్ళో ఉన్నప్పుడు వాళ్ళ ఇళ్ళు ఎడంగా ఉండేవి, హరిజనపేట అనేవాళ్ళు. ఆ వరసలో నానమ్మ ఈడు ఆవిడ ఒకరుంటే వెళ్ళి అడిగాను. పాటల గురించి, నాట్ల గురించి ఎంతో చెప్పింది. నేను బావి సంగతి ఎత్తాను.

"ఏ బావే, గుంటా?" అంది. "మీ బావిలో మమ్మల్ని సేద ఎయ్యనిచ్చీవోరేటి? కుండలట్టుకుని దూరంగా నిలబడీవోళ్ళం. ఎవరికి దయొత్తే ఆళ్ళు పోసీవోరు. నేకపోతే ఊరవతల పారే గెడ్డ దాకా నడవడవే. ఎండాకాలం గెడ్డ ఇసకలో సెలమ తవ్వుకుని తాగీవోళ్ళం."

ఇంటికి వచ్చి నాన్నకి చెప్పాను. ఆయన కోప్పడలేదు. నన్ను పక్కన కూర్చోబెట్టుకుని అన్నాడు.

"నాను సెప్తన్నాను, ఇను. ఇప్పుడందరికీ ఒకటే కుళాయి. అందరం ఒక్కలాగే నష్టపోయాం. పాతయ్యన్నీ తవ్వడం ఏటికి? ఊరెలాగూ పోనాది. మంచి పేరైనా మిగల్నియ్."

ఆయన మాటా కొట్టెయ్యలేకపోయాను. బావి సంగతి వదిలేస్తానని మర్నాడు మేడమ్‌తో అన్నాను. ఆవిడ నన్ను మందలించలేదు. టీ కప్పు పక్కన పెట్టి ఒక సంగతి చెప్పారు.

"జార్ చక్రవర్తుల కాలంలో యూదు పిల్లల్ని సైన్యానికి పట్టుకెళ్ళేవారు. ఊరికి ఇంతమందిని పంపాలని హుకుం. ఎవర్ని పంపాలో మా పెద్దలే తేల్చేవారు. కలిగినవాళ్ళ పిల్లలు ఇంట్లోనే ఉండేవారు. పేదవాళ్ళ పిల్లలు, తండ్రి లేని పిల్లలు వెళ్ళేవారు. చాలామంది తిరిగి రాలేదు. మా నాన్న ఈ సంగతి రాస్తానంటే ఊళ్ళో అందరూ ఆయన మీద పడ్డారు. మనల్ని తిట్టేవాళ్ళు చాలరా, నువ్వు కూడానా అన్నారు."

"ఆయనేమన్నారు?"

"ఆ పిల్లలూ మనవాళ్ళే కదా అన్నాడు."

ఆ మాటతో నాకు దారి దొరికింది. బావి గురించి నానమ్మ చెప్పినదీ రాశాను, చివరి వరస ఆవిడ చెప్పినదీ పక్కనే రాశాను. ఒక మధ్యాహ్నం నానమ్మని కూర్చోబెట్టి అంతా చదివి వినిపించాను. బావి దగ్గరికి వచ్చేసరికి నానమ్మ చేటలో బియ్యం అలాగే వదిలేసి కూర్చుంది.

"నిజవే" అంది. "సేదతాడు నా సేతిలోనే ఉండీది. నాను పోసీదాన్ని. కానీ దాన్ని గట్టెక్కనిచ్చీదాన్ని కాదు. మా అత్తకి అంత బయపడీదాన్ని. రాయ్, ఉన్నదున్నట్టు రాయ్." మళ్ళీ చేట అందుకుంటూ, "దానికింకా ఏటేటి గురుతున్నాయో? నన్నూ తీసికెళ్ళు, ఇంటాను" అంది.

ఆ సాయంత్రమే వెళ్ళాం. ఒకే ఊళ్ళో పుట్టి ముసలివాళ్ళయిన ఇద్దరు, మొదటిసారి ఒకే మంచం మీద కూర్చున్నారు. తర్వాత ఏదో నాట్ల పాట ఎత్తుకుని, రెండో చరణం దగ్గర ఇద్దరూ చెరో మాట పాడి పోట్లాటకి దిగారు. ఇద్దరి మాటా రాసుకున్నాను. అప్పటి నుంచి నానమ్మ పొద్దుగూకే వేళకి ఆ వరసలోనే కనిపించేది. కొన్నాళ్ళకి నాన్నే ఒక కాగితం మీద మా ఊరి పొలాల పేర్లు గుర్తుచేసుకుని, ఏది ఏ మూల ఉండేదో గీతలు గీసి ఇచ్చాడు. ఫర్నేసు కట్టిన చోటు దగ్గర ఒక క్షణం పెన్సిల్ ఆపాడు. తర్వాత అక్కడ మా చెరుకు తోట గీశాడు.

దశాబ్దం చివర మేడమ్ గడువు ముగిసింది. అప్పటికి వాళ్ళ దేశంలో కూడా ఇన్నాళ్ళూ అనకూడని మాటలు పత్రికల్లో వస్తున్నాయట. బయల్దేరే ముందు మా ఇంటికి భోజనానికి వచ్చారు. "నాన్న రాసింది నేను మళ్ళీ రాయలేను. కానీ మా ఊళ్ళో ఇంకా కొందరు ముసలివాళ్ళున్నారు. వెళ్ళగానే వాళ్ళ తలుపు తడతాను" అన్నారు. నానమ్మ ఆవిడకి మాగాయ జాడీ కట్టి ఇచ్చింది. దారిలో ఒలకకుండా మూడు గుడ్డలు చుట్టింది.

మా ఊరి మీద నా వ్యాసం విశాఖలోనే వచ్చే ఒక చిన్న మాసపత్రికలో అచ్చయింది. కాలనీ బడిలో దాన్ని చదివి వినిపించమన్నారు. సగం కూడా చదవనివ్వలేదు. చెరువు పేరు తప్పన్నాడొకాయన, కాదు ఒప్పేనంది వెనక నుంచి ఒకావిడ. చివరి వరస నుంచి వచ్చినవాళ్ళు మొదట గోడవారగా నిలబడ్డారు. బావి సంగతి విన్నాక ఒక్కొక్కరే ముందుకొచ్చి కూర్చున్నారు. వాళ్ళలో ఒక కుర్రాడు లేచి, తన తాత తవ్విన చెలమ ఎక్కడుండేదో చెప్పాడు. నేను చదవడం ఆపేసి రాసుకోవడం మొదలుపెట్టాను.

తర్వాత నేను పెందుర్తిలో ఒక కాలేజీలో చరిత్ర చెప్పే పనిలో చేరాను. అయినా సెలవు రోజుల్లో ఇంటికి ఎవరో ఒకరు వస్తూనే ఉండేవారు. ప్లాంటు కింద పోయిన మిగతా ఊళ్ళవాళ్ళు. మొదట వచ్చినాయన గుమ్మంలోనే నిలబడి అడిగాడు.

"మీ ఊరిది రాసినావట కదమ్మా. మరి మా ఊరు సంగతేటి? ఎప్పుడొత్తావు?"

వచ్చే ఆదివారం వస్తానన్నాను. లోపలికి పిలిచి మంచినీళ్ళిచ్చి, మీ వీధిలో మీకంటే పెద్దవాళ్ళు ఇంకా ఎవరెవరున్నారని అడిగాను.